పుల్లమ్మగారి కథ ముందు అడగండి

ప్రశ్న: నమస్కారమండీ. మాది విజయవాడ, నా పుట్టిల్లు గుంటూరు. మా పాపకి పదో నెల. బారసాల నాడు బియ్యంలో నక్షత్రం పేరు రాశారు గానీ పిలిచే పేరు ఇప్పటికీ తేలలేదు. కార్పొరేషన్ వాళ్ళిచ్చిన జనన ధ్రువపత్రంలో పేరు ఉండాల్సిన చోట ఖాళీగానే ఉంది. నాకు కియారా అని పెట్టుకోవాలని ఉంది. అది సంస్కృతం పేరనీ, వెలుగు అని అర్థమనీ ఒక సైట్‌లో చూశాను. మా అత్తయ్యగారేమో మావారి నాయనమ్మ పేరు పుల్లమ్మ అని పెట్టాల్సిందేనని పట్టుబట్టారు. దానికి అర్థమేమిటని అడిగితే "పెద్దల పేరు, అంతే" అంటారు. పైగా మా ఇంటిపేరు నక్కా. స్కూల్లో నక్కా పుల్లమ్మ అని పిలిస్తే పిల్ల ఏమైపోతుందోనని నాకు నిద్ర పట్టడం లేదు. అసలు ఇంటిపేరు లేకుండా పెట్టేస్తే పోదా అనుకుంటే, అమెరికాలో ఉన్న మా మరిది వద్దంటున్నాడు. నా సర్టిఫికెట్లన్నీ పుట్టింటి పేరు నూతలపాటితో ఉన్నాయి, అదీ మార్చుకోమంటున్నారు. ఈ టెన్షన్‌లో పాప ముద్దుముచ్చట కూడా సరిగ్గా చూసుకోలేకపోతున్నాను. ఏం చేయమంటారు?
- ఒక అమ్మ, విజయవాడ

జవాబు:

అమ్మా, ముందు మీరు హాయిగా నిద్రపోండి. పేరు లేకుండా జననం నమోదైతే, ఆ నమోదైన రోజు నుంచి 12 నెలల లోపు ఫీజు లేకుండా పేరు రాయించుకోవచ్చు. ఆ గడువు దాటినా ఆలస్య రుసుము కట్టి 15 ఏళ్ళ దాకా రాయించుకునే వీలుంది. 1969 నాటి జనన మరణాల రిజిస్ట్రేషన్ చట్టం కింద ఉన్న నియమమే ఇది. అంటే మీ చేతిలో ఇంకా రెండు నెలలున్నాయి. ఈ రెండు నెలల్లో మీరు మొదట చేయాల్సింది పేరు ఎంచుకోవడం కాదు. అత్తయ్యగారు తీరిగ్గా ఉన్నప్పుడు పక్కన కూర్చుని ఒక్క మాట అడగండి: "ఆ పుల్లమ్మగారి కంటే ముందు వాళ్ళమ్మకి ఎంతమంది పిల్లలు పుట్టి పోయారు?"

ఇదెందుకు అడగమంటున్నానంటే, పుల్లమ్మ, పుల్లయ్య అనే పేర్లలో ఉన్నది పొయ్యిలో పెట్టే పుల్లా కాదు, పులుపూ కాదు. పుల్లాకు, అంటే అన్నం తిని వదిలేసిన ఎంగిలి విస్తరాకు. పుట్టిన పిల్లలు వరసగా పోతుంటే, తర్వాత పుట్టిన బిడ్డని భోజనాలయ్యాక తీసేసిన విస్తళ్ళ మీద పొర్లించి, ఆ పేరే పెట్టేవాళ్ళు.

మా అమ్మకి పెద్దక్క పేరు పుల్లమ్మ. తెనాలి పక్కన పల్లెటూరు. ఆమె కంటే ముందు మా అమ్మమ్మకి ముగ్గురు పుట్టి, ముగ్గురూ ఏడాది తిరక్కుండానే పోయారు. నాలుగో కాన్పులో పెద్దమ్మ పుట్టాక, ఊళ్ళో ఎవరింట్లోనో పెళ్ళి భోజనాలైతే, బయట పారేసిన ఆకుల మీద ఆ పసిగుడ్డుని అటూ ఇటూ దొర్లించి మళ్ళీ ఎత్తుకుని ఇంటికి తెచ్చుకున్నారట. చావు మంచి పిల్లల్నే ఏరుకుని పోతుందని వాళ్ళ నమ్మకం, అందుకని ఇది ఎంగిలాకు, పారేసింది, నీకు పనికిరాదు పో అని దానికి చెప్పుకోవడం అన్నమాట. పెద్దమ్మ 84 ఏళ్ళు బతికింది. ఈ సంగతి నేను ఆమె నోటనే విన్నాను, అప్పటికి నాకు ముప్ఫై ఏళ్ళు దాటాయి. బంతి లేచాక ఎంగిలాకు దారిలో అడ్డంగా పడి ఉంటే అందరూ దాటుకుని పోయేవాళ్ళు గానీ ఆమె మాత్రం వంగి చేత్తో తీసి పక్కన పెట్టేది. ఎందుకలా చేస్తుందో ఆ రోజు గానీ నాకు అర్థం కాలేదు.

ఇది ఒక్క పుల్లమ్మ సంగతే కాదు. పిల్లని తవుడికి అమ్మినట్టు, మళ్ళీ కొనుక్కున్నట్టు చేసి పెట్టినవి తవిటయ్య, తవిటమ్మ. పెంటకుప్ప మీద పెట్టి తెచ్చుకుంటే పెంటయ్య. నలుగురి దగ్గరా అడుక్కుని పెంచుకున్నామని చెప్పుకోవడానికి భిక్షమయ్య, బిచ్చయ్య. తమిళంలో పిచ్చై అంటే భిక్షే, గూగుల్ అధిపతి పేరులో ఉన్నది ఆ మాటే. చైనా పల్లెల్లో పిల్లాడికి గౌషెంగ్ అని పేరు పెట్టేవాళ్ళు, కుక్క తినగా మిగిలింది అని అర్థం. మన పుల్లాకుకీ దానికీ ఎంత దగ్గరో చూడండి. మంగోలియాలో నెర్గుయ్ అనే పేరుంది, పేరు లేదు అని దాని అర్థం. ఎనెబిష్ అని ఇంకొకటి, ఇది కాదు అని. దుష్టశక్తి వచ్చి అడిగితే ఇక్కడ మీరు వెతికే బిడ్డ లేదు అని చెప్పడానికి. టీకాలూ మంచి ఆసుపత్రులూ లేని రోజుల్లో, ఎక్కడి తల్లి అయినా బిడ్డ చుట్టూ కట్టగలిగిన కంచె అంతే, ఒక పేరు.

మీ అత్తయ్యగారికి ఈ కథ తెలియకపోవచ్చు. తెలిసి కూడా చెప్పకపోయి ఉండొచ్చు, ఎందుకంటే పసిబిడ్డ పేరు పెట్టే దగ్గర చావు మాట ఎత్తడం మన ఇళ్ళలో ఎవరికీ ఇష్టం ఉండదు. "పెద్దల పేరు, అంతే" అన్నది మొండితనం అని మాత్రం అనుకోకండి.

అయితే, ఇంత చెప్పానని పాపకి పుల్లమ్మ అనే పెట్టమని నేననడం లేదు. ఆ పేరు ఆ రోజు ఆ బిడ్డని కాపాడుకోవడానికి పెట్టింది, దాని పని అది చేసేసింది. మీ పాపకి ఆ భయం లేదు. తరగతిలో అర్థం తెలియని ముప్ఫైమంది పిల్లల మధ్య ఆ పేరు మోయాల్సింది ఆ పసిది, మీరో అత్తయ్యగారో కాదు. కాబట్టి పిలిచే పేరు వేరేది పెట్టుకోవడంలో తప్పు లేదు. కథ పోకుండా చూసుకోండి, నాకు కావాల్సింది అదే.

ఇక కియారా. ఇది సంస్కృతం కాదమ్మా. ఐర్లండ్ వాళ్ళ పాత భాషలో కియర్ అంటే నల్లని అని, దాని నుంచి ఆడపిల్లలకి పెట్టే పేరు ఒకటి వచ్చింది. ఇటలీలో కియారా అనే పేరు వేరే ఉంది, అది లాటిన్ క్లారా నుంచి వచ్చింది, దానికి తేట, వెలుగు అని అర్థం. మీరు చూసిన సైట్ వాళ్ళు ఇటలీ అర్థం తెచ్చి సంస్కృతం అని అంటించారు. దాదాపు ఒకేలా వినబడే పేరుకి ఒక దేశంలో నలుపు, ఇంకో దేశంలో వెలుగు. రెండింట్లో ఏదైనా నాకు అభ్యంతరం లేదు, మన కృష్ణ అంటే నలుపే, శ్యామల అన్నా నలుపే, బ్యారేజీ మీద నిలబడి రోజూ చూసే నది పేరే నలుపు. కానీ పిల్ల పెద్దయ్యాక అమ్మా నా పేరుకి అర్థమేమిటి అని అడిగితే తప్పు చెప్పకూడదు కదా, అందుకని చెబుతున్నాను.

ఈ పేర్ల సైట్లని మాత్రం అస్సలు నమ్మకండి. చెవికి కొత్తగా వినబడే నాలుగు అక్షరాలు రాసి, సంస్కృతంలో సూర్యకిరణం అనో దేవుడిచ్చిన వరం అనో పెట్టేస్తున్నారు. రియాన్ష్ అనే పేరు చూడండి, అంశ అనే మాట సంస్కృతంలో ఉంది, ముందున్న రియ మాత్రం నిఘంటువులో దొరకదు. ఏ పేరైనా నచ్చితే పేర్ల జాబితాలో కాకుండా మామూలు నిఘంటువులో వెతకండి. బ్రౌన్ దొర నిఘంటువు ఇంటర్నెట్‌లో ఉచితంగానే ఉంది. అక్కడ మాట కనబడితే అర్థం నిజం. కనబడకపోతే నిఘంటువు తెలిసిన తెలుగు మాస్టారిని ఎవరినైనా ఒకసారి అడగండి.

అసలు మన పాత కృష్ణా, గుంటూరు జిల్లాల్లో మనిషి పేరు వింటే ఏ గుడికి మొక్కుకున్న ఇల్లో తెలిసిపోయేది. కోటయ్య, కోటమ్మ, కోటేశ్వరరావు అంటే కోటప్పకొండ. పానకాలు, పానకాలరావు అంటే మంగళగిరి. భావనారాయణ అంటే బాపట్ల, పొన్నూరు వైపు. తిరుపతమ్మ, గోపయ్య అని ఉంటే పెనుగంచిప్రోలు, చెన్నకేశవులు అంటే మాచర్ల. మస్తాన్ అనే పేరు చూడండి, గుంటూరులో కాలే మస్తాన్ దర్గాకి మొక్కుకుని పుట్టిన హిందువుల పిల్లలకి మస్తానరావు, మస్తానమ్మ, మస్తానయ్య అని పెట్టుకున్నారు, ఇప్పటికీ పెట్టుకుంటున్నారు. నాకు ఈ పేరు ఎక్కడ వినబడినా సంతోషంగా ఉంటుంది.

ఇంకొకటి, మీకు తర్వాత పనికొచ్చేది. ఫిరంగిపురం వైపు పాత కతోలిక కుటుంబాల్లో రాయప్ప, చిన్నప్ప, ఇన్నయ్య, శౌరి అనే పేర్లు వింటాం. అచ్చం మన పేర్లలాగే ఉంటాయి. పేతురు అంటే గ్రీకులో రాయి, అందుకే రాయప్ప. పౌలు అంటే లాటిన్‌లో చిన్నవాడు, అందుకే చిన్నప్ప. ఇవి తమిళ క్రైస్తవుల్లోనూ ఉన్నాయి. ఇగ్నేషియస్ నోట్లో నలిగి ఇన్నాసి, ఇన్నయ్య అయ్యాడు, జేవియర్ శౌరి అయ్యాడు. అంటే ఒక పేరుని అలాగే పెట్టడం, లేదంటే వదిలేయడం, ఈ రెండే దారులనుకోనక్కర్లేదు. అర్థాన్ని ఉంచుకుని మాట మార్చుకోవచ్చు, శబ్దాన్ని ఉంచుకుని రూపం మార్చుకోవచ్చు. పెద్దలు ఎప్పటి నుంచో చేస్తున్న పనే.

నక్కా గురించి. ఈ పేరు చూసి మీరు సిగ్గుపడుతున్నారని ఉత్తరం చదివితే తెలుస్తోంది. ఇంగ్లీషువాళ్ళలో ఫాక్స్ అనే ఇంటిపేరు బోలెడంత మందికి ఉంది, నక్క అనే అర్థం. రష్యాలో వోల్కోవ్ తోడేలు నుంచి వచ్చింది, ఆ దేశానికి అధ్యక్షుడిగా చేసిన మెద్వెదేవ్ ఇంటిపేరులో ఉన్నది ఎలుగుబంటి. మనలో పులి, మేకల, పిల్లి, చింత, తుమ్మల, ఉప్పు, పప్పు, అల్లం, కత్తి, ఇలా ఇంటి చుట్టూ పొలం చుట్టూ కనబడేవన్నీ ఇంటిపేర్లయ్యాయి. ఒకరు చేసే పనిని బట్టి, ఒకరికి ఊళ్ళో పడ్డ పేరుని బట్టి, ఒకరికి పెరట్లో చెట్టుని బట్టి వచ్చినవి. మీ పుట్టింటి పేరు మాత్రం ఊరి పేరు. నూతలపాడు నుంచి వచ్చినవాళ్ళు నూతలపాటివాళ్ళు, పాడు అన్నది పాటి అవుతుంది, ఊరు అన్నది ఊరి అవుతుంది. నూతులు అంటే బావులు. తిక్కన గారు తన తాతని గుంటూరి విభుడు అని చెప్పుకున్నాడు, పదమూడో శతాబ్దంలో కూడా గుంటూరు ఇదే వ్యాకరణంతో గుంటూరి అయింది. చివర నేని ఉన్నవి నాయని నుంచి వచ్చాయి, ప్రగడ అంటే మంత్రి, శెట్టి శ్రేష్ఠి నుంచి వచ్చింది. ఒక్కొక్క ఇంటిపేరూ ఒక ఊరో పనో పదవో మోసుకుని తిరుగుతోంది.

మనకి ఇవి ఎవరో ఆర్డరు వేస్తే వచ్చినవి కావు. ఫిలిప్పీన్స్‌లో 1849లో స్పెయిన్ గవర్నరు ఇంటిపేర్ల పట్టిక ఒకటి పంపి అందులోంచి తీసుకోమన్నాడు, కొన్ని ఊళ్ళలో అందరి ఇంటిపేర్లూ ఒకే అక్షరంతో మొదలవుతాయి, కారణం అదే. జపాన్‌లో మామూలు జనానికి 1875లో, టర్కీలో 1934లో చట్టం చేసి ఇంటిపేరు పెట్టుకోమన్నారు. మంగోలియా సంగతి వింటే బాధేస్తుంది. 1920లలో అక్కడి కమ్యూనిస్టు ప్రభుత్వం వంశనామాలు తీసేసింది. 1990లలో మళ్ళీ పెట్టుకోమంటే చాలామందికి తమది ఏమిటో చెప్పేవాళ్ళు మిగల్లేదు, దాంతో ఎంతోమంది చెంగిజ్ ఖాన్ వంశం పేరు బోర్జిగిన్ తీసుకున్నారు. 1981లో అంతరిక్షంలోకి వెళ్ళొచ్చిన వాళ్ళ వ్యోమగామి అయితే తన ఇంటిపేరు విశ్వం అని తనే పెట్టుకున్నాడు. డెబ్బై ఏళ్ళు వాడకపోతే ఒక దేశం మొత్తం మరిచిపోయింది. మనిల్లు మాత్రం ఎంత! నక్కా ఉంచండి. పిల్లకి నాలుగేళ్ళు రాగానే నక్క ఎంత తెలివైనదో కథలు చెప్పండి, తరగతిలో ఎవరైనా ఏమన్నా అంటే అదే గట్టిగా చెప్పుకుంటుంది.

మీ మరిది చెప్పింది నూటికి నూరుపాళ్ళు నిజం. పాస్‌పోర్టులో ఇంటిపేరుకీ పేరుకీ వేరువేరు గడులుంటాయి. ఒక్క పేరే ఉంటే అమెరికా వీసాలో ఆ ఒక్కదాన్నీ ఇంటిపేరు గడిలో వేసి, పేరు గడిలో ఎఫ్‌ఎన్‌యూ అని వేస్తారు, మొదటి పేరు తెలియదు అని దాని అర్థం. తర్వాత బ్యాంకులో, డ్రైవింగ్ లైసెన్సులో అదే పేరై కూర్చుంటుంది. 2022 నవంబరులో యూఏఈ వాళ్ళు కూడా ఒకే పేరున్న పాస్‌పోర్టుతో విజిట్ వీసా మీద వచ్చేవాళ్ళని రానివ్వమన్నారు, తర్వాత పాస్‌పోర్టులో తండ్రి పేరు ఉంటే సరే అన్నారు. ఇక మనవాళ్ళ పెద్ద పొరపాటు ఇనీషియల్. పదో తరగతి సర్టిఫికెట్‌లో ఉత్త ఎన్ అక్షరం, పాస్‌పోర్టులో పూర్తి నక్కా, ఆధార్‌లో చివర్న ఇంటిపేరు, ఇలా మూడు చోట్ల మూడు రకాలుగా ఉండి అఫిడవిట్ల కోసం తిరిగేవాళ్ళని ఎంతమందిని చూశానో. 2023 అక్టోబరు 1న గానీ ఆ తర్వాత గానీ పుట్టిన పిల్లలకి జనన ధ్రువపత్రమే పుట్టిన తేదీకీ చోటుకీ ఆధారం, స్కూలుకైనా పాస్‌పోర్టుకైనా అదే. కాబట్టి అందులోనే ఇంటిపేరు పూర్తిగా రాయించండి. ఇంగ్లీషులో నక్కా చివర ఒక ఏ పెట్టాలో రెండు పెట్టాలో మీవారి పాస్‌పోర్టు చూసి అదే ఖాయం చేసుకోండి, న్యూమరాలజీ పేరు చెప్పి ఎవరైనా ఇంకో అక్షరం కలపమంటే కలపొద్దు.

మీ నూతలపాటి సంగతికి వస్తే, పెళ్ళయ్యాక ఇంటిపేరు మార్చుకోవాలనే చట్టం మన దేశంలో లేదు. మార్చుకోవాలని మీకే ఉంటే మార్చుకోండి, ఒత్తిడికి మాత్రం వద్దు, డిగ్రీ పట్టా నుంచి బ్యాంకు ఖాతా దాకా అన్నీ మార్చాలి. జపాన్‌లో భార్యాభర్తలది ఒకే ఇంటిపేరై ఉండాలని చట్టం ఉంది, అక్కడ దాదాపు ఎప్పుడూ ఆడవాళ్ళే మార్చుకుంటున్నారు. ఐస్‌లండ్‌లో ఆడపిల్ల పేరు చివర ఫలానావారి కూతురు అని ఉంటుంది, పెళ్ళయినంత మాత్రాన ఆ తండ్రి కూతురు కాకుండా పోదు కాబట్టి అది మారదు. కొరియాలో కూడా ఆడవాళ్ళు మార్చుకోరు, అక్కడ నూటికి దాదాపు 45 మంది కిమ్, లీ, పార్క్‌లే. ఒకే ఇంటిపేరు, ఒకే మూలస్థానం అయితే పెళ్ళి చేసుకోకూడదని వాళ్ళకీ మన సగోత్రం లాంటి నియమం ఉండేది, 1997లో అక్కడి రాజ్యాంగ న్యాయస్థానం కొట్టేసింది. మన సుప్రీంకోర్టు 2022 జులైలో, తండ్రి పోయాక బిడ్డ ఇంటిపేరు నిర్ణయించే హక్కు తల్లికి ఉందని చెప్పింది, అది మన తెలుగువాళ్ళ కేసే. తల్లి మాటకి విలువ లేదని మీతో ఎవరైనా అంటే ఈ తీర్పు గుర్తుచేయండి.

ఇప్పుడు పేరు. నేనైతే పల్లవి అని పెడతాను. పల్లవం అంటే చిగురుటాకు. పుల్లమ్మలో ఉన్నది ఆకే, ఎంగిలాకు. అప్పుడు పారేసిన ఆకు అని చెప్పుకుని బతికించుకున్న ఇంట్లో ఇప్పుడు చిగురాకు పుట్టింది. పకారం, మధ్యలో ల్ల, రెండూ కలిసొచ్చాయి, అత్తయ్యగారు ముద్దుగా పుల్లమ్మా అని పిలిచినా వినడానికి దగ్గరగానే ఉంటుంది. నిఘంటువులో ఉంది, పాటలో మొదట వచ్చేదీ పల్లవే, ఇంగ్లీషులో రాయడానికి తిప్పలు లేవు, నక్కా పల్లవి అని పిలిస్తే బాగుంది కూడా. ఇది మీకు నచ్చకపోతే కియారానే పెట్టుకోండి, ఇటలీ పేరని తెలిసే పెట్టుకోండి, ఇంట్లో పుల్లమ్మ అని పిలవడానికి అత్తయ్యగారికి మనస్ఫూర్తిగా ఒప్పుకోండి.

కానీ ముందు ఆ ప్రశ్న అడగండి. ఈ ఆదివారం మధ్యాహ్నం భోజనాలయ్యాక, ఫోన్‌లో రికార్డింగ్ పెట్టి, పాపని ఆమె ఒళ్ళో కూర్చోబెట్టి అడగండి. పుల్లమ్మగారు ఏ ఊళ్ళో పుట్టారు, నక్కావాళ్ళు అంతకు ముందు ఏ ఊరు, పాత దస్తావేజుల్లో ఇంటిపేరు ఎలా రాసి ఉంది, ఊళ్ళోకి వంశాలు చెప్పే వంశరాజులు ఎప్పుడైనా వచ్చి వీళ్ళ గోత్రం, తాతముత్తాతల పేర్లు చదివారా, ఇవన్నీ. ఆమెకి గుర్తు లేకపోతే ఆమె కంటే పెద్దవాళ్ళు ఎవరున్నారో కనుక్కుని వాళ్ళకి ఫోన్ చేయించండి. పాప పేరు రాయించాక ఆ కథ నాకూ రాసి పంపండమ్మా, ఆ పుల్లమ్మగారికి ముందు ఎంతమందో తెలుసుకోవాలని ఉంది.